పొద వెనక మనిషి: మన్యంలో తుపాకీ చావులూ చట్టం కొలతా

ఒకడు పొరుగువాడి కోడిని కాల్చి ఎత్తుకుపోదామని తుపాకీ పేల్చాడు. పొద వెనక ఒక మనిషి ఉన్నాడు. అతను అక్కడ ఉన్నట్టు పేల్చినవాడికి తెలియదు. గుండు తగిలి ఆ మనిషి చనిపోయాడు. ఇది హత్యేనా? 1860 నాటి భారత శిక్షాస్మృతిలో 299వ సెక్షన్ కింద చట్టమే ఇచ్చిన ఉదాహరణ ఇది. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో 100వ సెక్షన్ కిందికి అది అలాగే వచ్చి చేరింది. చట్టం ఇచ్చే జవాబు: కాదు. హత్యా కాదు, హత్య కన్నా ఒక మెట్టు తక్కువైన నేరపూరిత నరహత్యా కాదు. చేస్తున్నది తప్పుడు పనే అయినా చంపాలన్న ఉద్దేశం అతనికి లేదు. తను చేసే పని వల్ల మనిషి ప్రాణం పోయేలా ఉందన్న ఎరుకా లేదు.

ఆ రోజుల్లో ఇంగ్లండు న్యాయశాస్త్రం దీనికి నేరుగా ఎదురు చెప్పేది. అక్కడి పాత న్యాయగ్రంథాల్లోనూ ఈ కోడి ఉదాహరణే ఉంది. దొంగిలించే ఉద్దేశంతో కోడి మీద కాలిస్తే, ఆ దెబ్బకు పొరపాటున మనిషి చచ్చినా హత్యే అనేవారు. ఆ సూత్రాన్ని వాళ్ళు 1957లో గాని వదులుకోలేదు. అమెరికాలో చాలా రాష్ట్రాల్లో అది ఏదో ఒక రూపంలో ఇప్పటికీ బతికే ఉంది. మన శిక్షాస్మృతి రాసినవాళ్ళు అదే కోడిని తీసుకుని తీర్పు తిరగరాశారు. ఒక నేరం చేస్తున్నావు గనక దారిలో జరిగిన చావంతా నీ హత్యేనని మన చట్టం అనదు. తూర్పు కనుమల్లో తుపాకీ చావుల గురించి ఆలోచించేవాళ్ళు మొదట గట్టిగా పట్టుకోవలసిన మాట ఇది. ఎందుకంటే అక్కడ పేలే తుపాకీ దాదాపు ఎప్పుడూ లైసెన్సు లేనిదే, వేట దాదాపు ఎప్పుడూ నిషేధమే.

అరకు, అనంతగిరి, డుంబ్రిగుడ, హుకుంపేట, పెదబయలు, ముంచంగిపుట్టు, చింతపల్లి కొండల్లో నాటు తుపాకీ చాలాకాలంగా ఉంది. పోడులో చోళ్ళు, సామలు, మొక్కజొన్న పంటకొచ్చే వేళకి అడవిపంది దిగుతుంది. ఒక్క రాత్రిలో మడి మొత్తం పొర్లించి పోతుంది. మంచె మీద కాపలా ఉన్నవాడి చేతిలో ఒకప్పుడు విల్లంబు ఉండేది, తరవాత గొట్టం తుపాకీ వచ్చింది. చైత్రంలో ఇటుకల పండగకి మగవాళ్ళు గుంపుగా వేటకి పోతారు. ఊళ్ళో ఆడవాళ్ళు దారికి అడ్డంగా నిలబడి వచ్చేపోయే బళ్ళ దగ్గర పండగ డబ్బులు వసూలు చేస్తారు. ఉత్త చేతులతో తిరిగొచ్చిన వేటగాళ్ళని ఎగతాళి పట్టిస్తారు. సరిహద్దుకి అవతల కొరాపుట్‌లో అదే చైత పరబ్. ఆ వేటలో, ఆ కాపలాలో అప్పుడప్పుడూ ఒక వార్త పుడుతుంది: ‘జంతువనుకుని కాల్చాడు, మనిషి పోయాడు.’ పోయినవాడు తరచూ కాల్చినవాడి ఊరివాడో, బావమరిదో, అన్నదమ్ముడో అయి ఉంటాడు.

ఆ వార్తని చట్టం ఎన్ని రకాలుగా చదవగలదు? నాలుగు రకాలుగా. పైమెట్టు హత్య. ఇప్పటి సంహితలో 101, 103 సెక్షన్లు, శిక్ష ఉరి లేదా యావజ్జీవం. దాని కింద హత్య కాని నేరపూరిత నరహత్య, 105వ సెక్షన్. ఇందులోనే రెండు అంతరువులు: చంపే ఉద్దేశం ఉంటే యావజ్జీవం దాకా, ప్రాణం పోయేలా ఉందని తెలిసి చేస్తే పదేళ్ళ దాకా. ఆ కింద నిర్లక్ష్యం వల్ల చావు. పాత చట్టంలో 304-ఎ, రెండేళ్ళ దాకా జైలు. కొత్త చట్టంలో 106(1), అయిదేళ్ళ దాకా. అన్నిటికీ కింద, శిక్షే లేని శుద్ధ ప్రమాదం.

పై మెట్ల మధ్య తేడా ఏమిటో దేశమంతటికీ వివరించి చెప్పిన తీర్పు మన ఊరి కేసులోనే వచ్చింది. గుంటూరు జిల్లా రొంపిచర్లలో కక్షలతో ఒక మనిషిని బరువైన కర్రలతో కాళ్ళూ చేతులూ విరగ్గొట్టారు. అతను చనిపోయాడు. తలమీద, గుండెమీద కొట్టలేదు గనక హత్య కాదని హైకోర్టు తగ్గించింది. 1976లో సుప్రీంకోర్టు జస్టిస్ సర్కారియా కలంతో దాన్ని తిరిగి హత్యగా నిలబెట్టింది. ‘ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వర్సెస్ రాయవరపు పున్నయ్య’ అనే ఆ పేరు ఈ రోజుకీ ఏ రాష్ట్రంలో హత్య కేసు వాదన జరిగినా వినిపిస్తుంది. నరహత్య అనేది పెద్ద జాతి, హత్య అందులో ఒక శాఖ అన్నది అందులోని సారం. ప్రతి నరహత్యా హత్య కాదు.

కింది మెట్టు గురించి ఇంకా పాత మాట ఉంది, అదీ తెలుగు పేరుతోనే. 304-ఎ సెక్షన్ మొదట శిక్షాస్మృతిలో లేదు, 1870లో చేర్చారు. రెండేళ్ళకే, 1872లో, నిడమర్తి నాగభూషణం కేసులో మద్రాసు హైకోర్టు న్యాయమూర్తి హాలోవే దుడుకుకీ అజాగ్రత్తకీ మధ్య గీత గీశారు. ముప్పు రావచ్చని తెలిసి, రాదులే అన్న ఆశతో ముందుకు పోవడం దుడుకు. ముప్పు సంగతే తలకెక్కకపోవడం, ఎక్కవలసిన చోట ఎక్కకపోవడం అజాగ్రత్త. నూటయాభై ఏళ్ళ తరవాత కూడా కోర్టులు ఈ గీత దగ్గరికే వెళ్తున్నాయి. దుడుకులో ‘రావచ్చని తెలియడం’ ఉంది, నరహత్యలో ‘ప్రాణం పోయేలా ఉందని తెలియడం’ ఉంది. ఈ రెండు తెలియడాల మధ్య దూరమే తుపాకీ కేసుల్లో అయిదేళ్ళకీ పదేళ్ళకీ మధ్య దూరం.

ఇక శుద్ధ ప్రమాదం. పాత 79, 80 సెక్షన్లు, ఇప్పటి 17, 18. చట్టం ఒప్పుకునే పని అని సద్భావంతో పొరపాటు పడి చేసినవాడికి 79 రక్ష. చట్టబద్ధమైన పనిని చట్టబద్ధమైన పద్ధతిలో, తగిన జాగ్రత్తతో చేస్తుండగా ప్రమాదం జరిగితే 80 రక్ష. మన కొండలకి దగ్గరి తీర్పులన్నీ ఒడిశావే. 1978 నాటి లా రిపోర్టుల్లో ఒకటుంది. మొక్కజొన్న చేను కాపలా కాస్తున్న మనిషి ఎలుగుబంటి వచ్చిందనుకుని బాణం వేశాడు. అది చేలో దాగి ఉన్న మనిషికి తగిలింది. ఒరిస్సా హైకోర్టు ఈ రెండు సెక్షన్ల కిందా అతన్ని విడిచిపెట్టింది. దానికి ముందు, 1960 నాటి రిపోర్టుల్లో, బాలాసోర్ జిల్లా రస్‌గోవింద్‌పూర్ కేసు. పాడుబడిన విమానాశ్రయం దగ్గర రాత్రివేళ దయ్యాలు తిరుగుతాయని ఊళ్ళో నమ్మకం. మినుకుమినుకుమనే దీపం, చుట్టూ కదిలే ఆకారాలు చూసి ఒక నేపాలీ పనివాడు కుక్రీతో పరిగెత్తి నరికాడు. అక్కడున్నది ఇప్పపూలు ఏరుకుంటున్న ఆదివాసీ స్త్రీలు. ఒకామె చనిపోయింది. అతను దయ్యమని నిజంగా నమ్మాడని, ఆ నమ్మకంలో వంచన లేదని కోర్టు 79 కింద వదిలేసింది.

ఆ రెండో తీర్పు చదివినప్పుడల్లా నాకు మనసు ఒప్పదు. నమ్మకం నిజమైనదే, సరే. కాని సద్భావమంటే తగిన జాగ్రత్త, శ్రద్ధ ఉండాలని అదే చట్టం వేరే చోట చెబుతోంది. చేతిలో టార్చి ఉంటే వెయ్యాలి, నోరుంటే ఒక కేకెయ్యాలి. ఇప్పపూల కాలంలో చీకటితోనే ఆడవాళ్ళు చెట్ల కిందికి వస్తారన్నది ఆ ప్రాంతంలో ఎవరికి తెలియదు? జాగ్రత్త అనేది కొత్తగా వచ్చిన నేపాలీవాడి కళ్ళతో కొలవాలా, ఆ అడవిని ఎరిగినవాడి కళ్ళతో కొలవాలా అన్న ప్రశ్న అక్కడ తేలలేదు. అరకు కొండల్లో కాల్చేవాడు కొత్తవాడు కాడు. ఏ పొద్దున కట్టెలకి ఎవరు పోతారో, అడ్డాకులకి ఏ దారిన పోతారో, దుంపల కోసం ఏ గెడ్డ పక్కన తవ్వుతారో అతనికి తెలుసు. ‘అడవిలో మనుషులుండరు’ అనే మాట పట్నం లాయరు నోట నప్పుతుంది గాని గిరిజన వేటగాడి నోట నప్పదు.

లైసెన్సు లేని తుపాకీ సంగతేమిటి? 80వ సెక్షన్ చట్టబద్ధమైన సాధనం కావాలంటోంది కదా, నాటు తుపాకీ పట్టినవాడికి ఆ తలుపు మూసుకున్నట్టేనా? 1952లో నాగపూర్ హైకోర్టు ఒక కేసులో ఈ ప్రశ్న చూసింది. వానలో, దూరంగా కనిపించిన ఆకారాన్ని దుమ్ములగొండి అనుకుని కాల్చాడు. అది మనిషి. తుపాకీకి లైసెన్సు లేదన్న ఒక్క కారణంతో ప్రమాదం అన్న రక్షణ పోదని, ఆయుధ చట్టం కింద వేరే శిక్ష వేసుకోవచ్చని కోర్టు అంది. ఆ తీర్పు నాటికి దుమ్ములగొండిని కాల్చడం నేరం కాదు. 1972లో వన్యప్రాణి సంరక్షణ చట్టం వచ్చాక వేటే నేరమయింది. అనుమతి లేకుండా అడవిపందిని కాల్చినవాడు ‘చట్టబద్ధమైన పని చేస్తున్నాను’ అనలేడు. కాబట్టి ఇవాళ మన్యంలో వేటగాడికి పూర్తి విముక్తి దొరకడం కష్టం. దొరకకూడదనే నా అభిప్రాయం కూడా. కాని 80 పోయినంత మాత్రాన హత్య రాదు. కోడి ఉదాహరణ అడ్డు నిలుస్తుంది. అతను దిగేది నిర్లక్ష్యపు మెట్టు మీదికి.

ఇక్కడ దర్యాప్తులో తరచూ జరిగే పొరపాటు ఒకటుంది. నాటు తుపాకీ దొరికింది, ఆయుధ చట్టం 25వ సెక్షన్ ఎలాగూ ఉంది, 2019 సవరణ తరవాత లైసెన్సు లేకుండా ఉంచుకున్నందుకే రెండు నుంచి అయిదేళ్ళు. తయారుచేసినవాడికైతే ఏడేళ్ళ నుంచి యావజ్జీవం దాకా. ఇంత బరువు చూసి మనసులో హత్య వైపు మొగ్గడం సులభం. అక్రమ ఆయుధం మనిషి బుద్ధికి సాక్ష్యం కాదు. అదే తుపాకీ కర్ణాటక కొడగులో ఉంటే? కొడవలకి, జమ్మా భూములున్నవాళ్ళకి ఆయుధ లైసెన్సు నుంచి మినహాయింపు ఉంది. బ్రిటిషు కాలం నుంచి వస్తున్న ఆ మినహాయింపుని 2021లో కర్ణాటక హైకోర్టు సమర్థించింది. పంట కాపాడుకోవడానికి గొట్టంలోంచి మందు కూరే తుపాకీకి లైసెన్సివ్వవచ్చని 1959 ఆయుధ చట్టం 13వ సెక్షనే చెబుతోంది. ఆ కాగితం కోసం చోడి మడి కాపలాదారు ఏ ఆఫీసు మెట్లెక్కుతాడు? అందుకే తుపాకీ చూరులోకి, పొదలోకి పోతుంది. ప్రమాదం జరిగిన రోజున భయమూ దాని వెంటే వస్తుంది. ఆ భయంతో శవాన్ని దాచేస్తే, ఊరి పెద్దలు తప్పు కట్టించి రాజీ చేసి పూడ్చేస్తే, దాచిన పనే తరవాత ‘చంపి దాచాడు’ అనడానికి సాక్ష్యమై కూర్చుంటుంది.

గుంపు వేట వేరు, మంచె కాపలా వేరు. దీన్ని కోర్టులు ఇంకా సరిగ్గా విడదీయలేదని నాకనిపిస్తుంది. మంచె మీద ఒక్కడే ఉన్నాడు, తన చేను, రాత్రి, ఇంకొకడు అక్కడికి రావలసిన పని లేదు. అది ఒక స్థితి. పండగ వేటలో ఒక జట్టు జంతువుని తోలుతుంది, ఇంకో జట్టు మాటు కాస్తుంది. తోలేవాళ్ళు తన ఎదుటే, పొదలకి అవతలే ఉన్నారని మాటు కాసినవాడికి ముందే తెలుసు. ఆకు కదిలిన శబ్దానికి కాల్చాడంటే అతను మనుషులున్నారని తెలిసిన దిక్కుకే కాల్చాడు.

పెళ్ళి కాల్పుల కేసులు ఇక్కడ దారి చూపిస్తాయి. 2020లో ఉత్తరాఖండ్ నుంచి వచ్చిన భగవాన్ సింగ్ కేసులో పెళ్ళింట్లో పైకప్పు వైపు కాల్చగా ఇద్దరు చనిపోయారు. అది హత్య కాదు, నిర్లక్ష్యమూ కాదు, జనం మధ్య గుండు కూరిన తుపాకీ పేలిస్తే ఏమవుతుందో తెలిసి చేసిన పని అని సుప్రీంకోర్టు పాత 304వ సెక్షన్ రెండో భాగం, అంటే ఇప్పటి 105లోని పదేళ్ళ అంతరువు, కిందికి తెచ్చింది. 2024 మార్చిలో ఉత్తరప్రదేశ్ పెళ్ళి కాల్పుల కేసులోనూ అదే చేసింది. పండగ వేట కొన్నిసార్లు పెళ్ళి పందిరికి దగ్గరగా వస్తుంది, మంచెకి కాదు. అన్నిసార్లూ అనను. తోలేవాళ్ళు ఎంత దూరంలో ఉన్నారు, ఎదురు కూత వేసుకునే అలవాటు ఆ జట్టుకి ఉందా, ఆ రోజు కూత వినపడిందా అన్నవాటిని బట్టి తేలాలి.

ఇద్దరు పేల్చి ఒకడే చచ్చిన సందర్భమూ ఉంది. ఎవడి గుండు తగిలిందో తేలదు. ఇంగ్లండులో 1880 నాటి సామన్ కేసులో ముగ్గురు గురి అభ్యాసం చేస్తుంటే దూరాన చెట్టుమీది పిల్లవాడు చనిపోయాడు. ముగ్గురూ జాగ్రత్త తీసుకోలేదు గనక ముగ్గురూ దోషులేనన్నారు. మన దగ్గర ఉమ్మడి ఉద్దేశం సూత్రం నిర్లక్ష్యానికి అతకదు. ఎవరి నిర్లక్ష్యం వారిదే. అందుకే తుపాకీ పరీక్ష అవసరం మరీ ఎక్కువ.

నాటు తుపాకీ పనితీరు కోర్టు హాల్లో చాలామందికి తెలియదు. గొట్టం మూతిలోంచి నల్ల మందు పోస్తారు, పీచో గుడ్డపేలికో కూరతారు, సీసపు గుండ్లో విరగ్గొట్టిన ఇనుప ముక్కలో వేస్తారు, మళ్ళీ పేలిక పెట్టి కమ్మితో దట్టిస్తారు. వెనకవైపు చిన్న క్యాప్ మీద సుత్తి పడితే పేలుతుంది. ఒకసారి కూరాక దాన్ని ఖాళీ చెయ్యడం చాలా కష్టం, పేల్చెయ్యడమే తేలిక. అందుకే జంతువు దొరకని రాత్రి కూరిన తుపాకీ అలాగే ఇంటికొస్తుంది, చూరుకి వేలాడుతుంది, పిల్లల చేతికందుతుంది. ఊరి కమ్మరి చేసిన సుత్తికి ఆపుదల సరిగా ఉండదు. కింద పడినా, కొమ్మ తగిలినా పేలే వీలుంది.

కాబట్టి ‘నేను నొక్కలేదు, అదే పేలింది’ అన్న మాట అబద్ధమని ముందే తీర్మానించడానికి లేదు, నిజమని ఒప్పుకోవడానికీ లేదు. సుత్తి ఎంత బలానికి కదులుతుందో, నొక్కకుండా పేలుతుందో లేదో నిపుణుడు చూసి చెప్పాలి. ఆ పరీక్షా ఒడుపుగా చెయ్యాలి. 2021 అక్టోబరులో అమెరికాలో ‘రస్ట్’ సినిమా షూటింగులో ఛాయాగ్రాహకురాలు హలీనా హచిన్స్ చనిపోయినప్పుడు నటుడు అలెక్ బాల్డ్విన్ అన్నదీ ఇదే మాట. ఎఫ్‌బీఐ ప్రయోగశాల పరీక్షలోనే ఆ తుపాకీ భాగాలు విరిగిపోయి పెద్ద వివాదమయింది. ఆయుధాలు చూసుకునే ఉద్యోగికి 18 నెలల శిక్ష పడింది, సాక్ష్యం దాచారన్న కారణంతో బాల్డ్విన్ కేసుని 2024 జూలైలో కొట్టేశారు. అంత సంపన్న దేశంలోనే అలా ఉంటే, ముంచంగిపుట్టులో ఒక కానిస్టేబులు గోనెగుడ్డలో చుట్టి తెచ్చిన తుపాకీ ప్రయోగశాలకి ఏ స్థితిలో చేరుతుందో ఊహించుకోవచ్చు.

శరీరం మీద గాయమూ మాట్లాడుతుంది. దగ్గర నుంచి పేలితే చర్మం కమిలి, నల్ల మందు పొగమసి, కాలీ కాలని మందు రేణువులు గుచ్చుకుని ఉంటాయి. దూరం పెరిగేకొద్దీ ముక్కలు విడిపోయి చెదురుతాయి. ఇనుప ముక్కల విషయంలో ఫ్యాక్టరీ తూటాల దూరపు లెక్కలు నేరుగా పనికిరావు, అదే తుపాకీతో అదే మందుతో పేల్చి చూడాలి. గాయం కోణం పైనుంచి కిందికా, కింది నుంచి పైకా అన్నది మంచె కథ నిజమో కాదో చెబుతుంది. తల లైటు వెలుగులో జంతువు కళ్ళు మెరుస్తాయి, మనిషి కళ్ళు అలా మెరవవు. మెరుపు చూసి కాల్చాడా, చప్పుడు విని కాల్చాడా? ఆ ప్రశ్న ఎంతమంది దర్యాప్తు అధికారులు అడుగుతారు? నా దృష్టిలో జాగ్రత్తని కొలిచే మొదటి ప్రశ్న అదే.

ప్రమాదమన్న వాదన కోర్టులో ఎలా నిలుస్తుందో, ఎలా కూలుతుందో చూడాలంటే నానావతి కేసు చదవాలి. 1959 ఏప్రిల్‌లో బొంబాయిలో నౌకాదళ కమాండర్ నానావతి తన భార్య ప్రియుడు ప్రేమ్ ఆహూజా ఇంటికి వెళ్ళాడు. మూడు గుళ్ళు పేలాయి. పెనుగులాటలో రివాల్వరు దానంతటదే పేలిందన్నాడు. స్నానం చేసి వచ్చిన ఆహూజా నడుముకున్న తువ్వాలు శవం మీద అలాగే ఉంది. పెనుగులాట జరిగితే అది ఊడకుండా ఉంటుందా? 1961 నవంబరులో ఆ తీర్పు రాసింది రాజమండ్రివాడైన జస్టిస్ కోకా సుబ్బారావు. ప్రమాదం అన్న మినహాయింపు రుజువు చేసే బరువు నిందితుడిదే అంటూనే, ఆ వాదన వల్ల అసలు నేరపు ఉద్దేశం మీదే సందేహం పుడితే లాభం నిందితుడికే అని ఆయన స్పష్టం చేశారు. కొండమీది కేసులకి ఇది ప్రాణం. పేదవాడు ప్రమాదమని రుజువు చెయ్యలేకపోవచ్చు. కాని ప్రాసిక్యూషన్ హత్యని రుజువు చెయ్యాల్సిందే.

అక్కడ మరో చిక్కు. తరచూ సాక్షి ఒక్కడే, కాల్చినవాడు. ‘నేనే కాల్చాను, కొండగొర్రె అనుకున్నాను’ అని ఊరి పెద్ద ముందు ఏడుస్తూ చెబుతాడు. ఈ ఒక్క వాక్యంలో నేరం ఒప్పుకోలూ ఉంది, ప్రతివాదమూ ఉంది. మొదటి సగం తీసుకుని రెండో సగం పారేస్తే హత్య తయారవుతుంది. ఒప్పుకోలుని మొత్తంగా తీసుకోవాలి లేదా మొత్తంగా వదలాలి అని 1952లో పల్విందర్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. రెండో సగం అబద్ధమని వేరే సాక్ష్యం చూపిస్తే విడదీయవచ్చని 1968లో నిషీకాంత్ ఝా కేసులో సడలించింది. వేరే సాక్ష్యం లేనప్పుడు పాత సూత్రమే నడవాలి. అతను చెప్పింది కువిలోనో ఆదివాసీ ఒరియాలోనో అయితే, తెలుగులో రాసుకున్న వాంగ్మూలంలోకి ‘అనుకున్నాను’ అన్న మాట చేరిందో లేదో ఎవరు చూడాలి?

ఇప్పుడు నన్ను అన్నిటికన్నా కలవరపెడుతున్న విషయానికి వస్తాను. మొదటి రోజు ఎఫ్‌ఐఆర్‌లో ఏ సెక్షన్ రాస్తారన్నదాని మీద మిగతా అంతా ఆధారపడుతోంది. 106(1) రాస్తే స్టేషన్ బెయిలు, మేజిస్ట్రేటు విచారణ. 103 రాస్తే జైలు, సెషన్స్ విచారణ, ఏళ్ళు. అంతే కాదు. కొత్త భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 176(3) ప్రకారం ఏడేళ్ళు, అంతకు మించిన శిక్ష ఉన్న నేరాల్లోనే ఫోరెన్సిక్ నిపుణుడు ఘటనాస్థలానికి తప్పక వెళ్ళాలి. దాన్ని ఎప్పటినుంచి అమలు చెయ్యాలో నిర్ణయించుకోవడానికి రాష్ట్రాలకి అయిదేళ్ళ గడువిచ్చారు. నిర్లక్ష్యం చావుకి గరిష్ఠ శిక్ష అయిదేళ్ళు. అంటే ‘ప్రమాదమే’ అని పోలీసులు తేల్చుకున్న చావుకి నిపుణుడు రానక్కర్లేదు. అది ప్రమాదమో కాదో చెప్పగలిగేదే ఆ నిపుణుడు! కక్షతో చంపి వేట ప్రమాదమని చెప్పినవాడు ఈ సందులోంచి తప్పుకోగలడు. నిజంగా పొరపడిన నిరుపేద, మొదటి రోజు 103లో ఇరుక్కుంటే సాక్ష్యం తేలేదాకా జైల్లో ఉంటాడు. రెండు వైపులా అన్యాయమే. ఏజెన్సీలో తుపాకీ గాయంతో జరిగే ప్రతి చావుకీ, సెక్షన్ ఏదైనా, నిపుణుడు స్థలానికి వెళ్ళాలని రాష్ట్రం ఉత్తర్వు ఇవ్వవచ్చు. దానికి పార్లమెంటు అక్కర్లేదు. ఆయుధ చట్టం కేసుని నరహత్య కేసుతో కలగలపకుండా, ప్రమాదం జరిగిన వెంటనే గాయపడినవాణ్ణి మోసుకొచ్చి తుపాకీ అప్పగించినవాడికి ఆ ప్రవర్తన లెక్కలోకి వస్తుందని ఊరూరా చెప్పాలి. చెప్పకపోతే శవాలు పూడిపోతూనే ఉంటాయి.

తుపాకీ తగ్గిన చోట కరెంటు తీగ వస్తోంది. పందుల కోసం కట్టిన తీగ తగిలి రైతులు, కూలీలు చనిపోవడం రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ వింటున్నదే. 1964 లా రిపోర్టుల్లోని చెరుబిన్ గ్రెగరీ కేసులో మరుగుదొడ్డికి కరెంటు తీగ కట్టినవాణ్ణి సుప్రీంకోర్టు 304-ఎ కింద శిక్షించింది. నడిచే దారికి అడ్డంగా, రాత్రంతా, కాపలా లేకుండా తీగ వదిలేసినవాడి ఎరుక, నా లెక్కలో, మంచెమీద ఒక్కసారి పొరపడినవాడి ఎరుక కన్నా బరువైనది.

ఈ కొండల్లో పొరపాటున కాల్చేవాళ్ళు వేటగాళ్ళు మాత్రమే కారు. 2019 మార్చిలో పెదబయలు మండలంలో పోలీసుల కాల్పుల్లో ఇద్దరు గిరిజనులు చనిపోయారు. ఎదురుకాల్పులన్నారు పోలీసులు. వేటకి వెళ్ళినవాళ్ళని కుటుంబాలు, హక్కుల సంఘాలు అన్నాయి. 2013 మే నెలలో ఛత్తీస్‌గఢ్ బీజాపూర్ జిల్లా ఎడ్స్‌మెట్టలో విత్తనాల పండగ చేసుకుంటున్న గుంపు మీద బలగాలు కాల్చగా 8 మంది గ్రామస్తులు పోయారు. జస్టిస్ వి.కె. అగర్వాల్ కమిషన్ అది ఆత్మరక్షణ కాదని, పొరపడి భయంతో కాల్చి ఉండవచ్చని తేల్చింది. 2021 డిసెంబరులో నాగాలాండ్ ఓటింగ్ గ్రామంలో బొగ్గు గని నుంచి ఇంటికొస్తున్న కూలీల బండి మీద సైన్యం కాల్చింది. ప్రాసిక్యూషన్‌కి కేంద్రం అనుమతి ఇవ్వలేదు గనక ఆ కేసు 2024లో సుప్రీంకోర్టులో ముగిసిపోయింది.

వేటగాడి పొరపాటూ, బలగాల పొరపాటూ చట్టం దృష్టిలో ఒకటి కావు, రెండోదే బరువైనది. వేటగాడు మనిషిని జంతువనుకున్నాడు, అతనికి మనిషిని చంపే ఉద్దేశమే లేదు. జవాను కాల్చింది మనిషినని తెలిసే. ఎవరన్నదే పొరపాటు. ఒకరిని చంపబోయి ఇంకొకరిని చంపినా నేరం తగ్గదని పాత 301, ఇప్పటి 102వ సెక్షన్ చెబుతోంది. దక్షిణాఫ్రికాలో పరుగుపందెం క్రీడాకారుడు ఆస్కర్ పిస్టోరియస్ మూసిన తలుపు గుండా ప్రియురాలిని కాల్చి చంపి, అవతల ఉన్నది దొంగ అనుకున్నానన్నాడు. 2015లో అప్పీలు కోర్టు తలుపు వెనక ఎవరున్నా మనిషేనని, నలుగురు దూరలేని చిన్న గదిలోకి నాలుగుసార్లు కాల్చినవాడికి ఆ సంగతి తెలుసునని హత్యగా మార్చింది. కాబట్టి బలగాలకి మిగిలే రక్షణ ఒక్కటే: ఆ క్షణంలో తమ ప్రాణానికి ముప్పు ఉందని తగిన జాగ్రత్తతో నమ్మారా అన్నది. అది కోర్టులో చూపించాలి, పత్రికా ప్రకటనలో కాదు.

2009 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం సరిగ్గా ఈ మాటే అంది. ఎన్‌కౌంటర్ చావుకి ఎఫ్‌ఐఆర్ కట్టాలి, ఆత్మరక్షణ వాదన విచారణలో తేలాలి అని. పౌరహక్కుల సంఘం వేసిన ఆ కేసు తీర్పుపై నెల తిరక్కుండా సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది. 2014లో పీయూసీఎల్ అనే హక్కుల సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు తనే 16 మార్గదర్శకాలు పెట్టింది. ఎఫ్‌ఐఆర్, వేరే స్టేషన్ లేదా సీఐడీ దర్యాప్తు, మేజిస్ట్రేటు విచారణ అన్నీ అందులో ఉన్నాయి. ఆ దర్యాప్తు కాగితాలు పెదబయలు కుటుంబాలకి వాళ్ళ భాషలో చదివి వినిపించాలి. మంచె దిగి వచ్చిన వేటగాణ్ణి అడిగే ప్రశ్నలే ఆ జవానుల్నీ అడగాలి: ఎంత దూరంలో ఉన్నావు, ఏం చూశావు, చూశావా విన్నావా, కేకేశావా, ఆ దారిన ఎవరు వస్తారో నీకు తెలుసా?